టోకు కొనుగోలుపై కట్టిన పన్ను... చిల్లర వర్తకుడికి తిరిగి దక్కేదెప్పుడు?

నందిగామ, జగ్గయ్యపేట, తిరువూరు, మైలవరం ప్రాంతాల కిరాణా వర్తకులు సరుకు కోసం విజయవాడ వన్‌టౌన్‌కో, గొల్లపూడి టోకు మార్కెట్‌కో రావడం ఏళ్ల తరబడి ఉన్న అలవాటే. బేరం కుదిరి, సరుకు ఆటోకెక్కాక చేతికొచ్చే బిల్లులో అడుగున కనిపించే పన్ను అంకె మాత్రం చాలామందికి నేటికీ అంతుబట్టదు. తిరిగి అమ్మడానికే కొంటున్నప్పుడు తమపై పన్ను ఎందుకని కొందరి ప్రశ్న. అది కూడా సరుకు ధరలో భాగమేనని సరిపెట్టుకునేవారు కొందరు. బిల్లు లేకుండా తీసుకుంటే ఆ మేరకు మిగులుతుందని భావించేవారూ లేకపోలేదు.

ఈ మూడు అభిప్రాయాలూ సరైనవి కావు. వస్తు సేవల పన్ను విధానంలో నమోదైన చిల్లర వర్తకుడు టోకు వర్తకుడికి చెల్లించే పన్ను ఖర్చు కాదు, ప్రభుత్వం వద్ద అతని పేరిట ఉండే జమ. సరుకు అమ్మి తాను ప్రభుత్వానికి కట్టవలసిన పన్నులో ఆ మొత్తాన్ని మినహాయించుకోవచ్చు. వాడుకలో ఇన్‌పుట్ ట్యాక్స్ క్రెడిట్ అంటున్నది దీనినే. అయితే ఈ జమ దానంతట అది రాదు. కొన్ని షరతులు నెరవేరాలి. వాటిలో అతి ముఖ్యమైనది చిల్లర వర్తకుడి చేతిలో లేనిది కావడమే అసలు చిక్కు.

లక్ష సరుకు... లెక్క ఇలా

నందిగామలోని ఒక దుకాణదారు లక్ష రూపాయల విలువైన బట్టల సబ్బు పొడి కొన్నాడనుకుంటే, దానిపై పన్ను 18 శాతం. కేంద్రానికి 9 వేలు, రాష్ట్రానికి 9 వేలు కలిపి 18 వేలు. టోకు వర్తకుడికి అతను చెల్లించేది రూ.1,18,000. పది శాతం లాభం వేసుకుని సరుకు విలువ రూ.1,10,000గా లెక్కగడితే, దానిపై పన్ను రూ.19,800. కొనుగోలుదారుల నుంచి మొత్తం రూ.1,29,800 వసూలవుతుంది. ప్యాకెట్‌పై ముద్రించే గరిష్ఠ చిల్లర ధరలో అన్ని పన్నులూ కలిసే ఉంటాయి కనుక గృహిణికి ఇందులో పన్ను ఎంతో విడిగా కనిపించదు. దుకాణదారు మాత్రం తన లెక్కలో దానిని విడదీయక తప్పదు.

వసూలైన రూ.19,800లో టోకు వర్తకుడికి ముందే ఇచ్చిన 18 వేలు మినహాయిస్తే ప్రభుత్వానికి కట్టవలసింది రూ.1,800 మాత్రమే. లాభం పది వేలు పదిలంగా మిగులుతుంది. అంటే ఈ దుకాణదారు చేతి నుంచి పన్ను పడేది తాను పెంచిన పది వేల విలువ మీదనే.

ఏ కారణం వల్లనైనా ఆ 18 వేల జమ దక్కకపోతే పరిస్థితి తలకిందులవుతుంది. రూ.19,800 పూర్తిగా కట్టాలి. పది వేల లాభం పోగా, చేతి నుంచి మరో 8 వేలు పడతాయి. సరుకంతా అమ్ముడుపోయినా నష్టమే. కిరాణా వ్యాపారంలో లాభాల శాతం ఎంత తక్కువో తెలిసిన వారికి ఈ జమ విలువ వేరుగా చెప్పనక్కర లేదు.

నాడు ఒకే చోట... నేడు అడుగడుగునా

అమ్మకపు పన్ను అన్న మాట జిల్లా వర్తకుల నోట ఇప్పటికీ వినిపిస్తుంది. 1957 నాటి ఆంధ్రప్రదేశ్ సాధారణ అమ్మకపు పన్ను చట్టం కింద చాలా సరుకులపై పన్ను ఒకే చోట, సాధారణంగా రాష్ట్రంలో జరిగే మొదటి అమ్మకం వద్ద పడేది. ఆ తర్వాత చేతులు మారే చోట్ల ‘పన్ను చెల్లించిన సరుకు’ అని బిల్లు చూపితే సరిపోయేది. చిల్లర వర్తకుడికి పన్ను ధరలో కలిసిపోయి వచ్చేది. 2005 ఏప్రిల్ 1న వ్యాట్ అమల్లోకి రావడంతో అమ్మిన ప్రతి చోటా పన్ను వేసి, కొన్నప్పుడు కట్టిన దానిని మినహాయించే పద్ధతి వచ్చింది. 2017 జులై 1 నుంచి జీఎస్టీ అదే పద్ధతిని దేశమంతటికీ విస్తరించింది.

తిరిగి అమ్మేవారికి పన్ను ఎందుకన్న ప్రశ్న పూర్తిగా అర్థరహితం కాదు. అమెరికాలో అలాగే జరుగుతుంది. అక్కడ దుకాణాలు నడుపుతున్న తెలుగువారికి ఇది అనుభవమే. ఉదాహరణకు టెక్సస్‌లో చిల్లర వర్తకుడు తిరిగి అమ్మడానికే కొంటున్నట్లు ధ్రువపత్రం ఇస్తే టోకు వర్తకుడు పన్ను వేయడు. సరుకును చివరగా వాడుకునే వ్యక్తికి అమ్మినప్పుడే మొత్తం పన్ను వసూలవుతుంది. ఇందులో ఒక ప్రమాదం ఉంది. ఆ చివరి దుకాణదారు ఎగవేస్తే ప్రభుత్వానికి పైసా రాదు. మన పద్ధతిలో చివరివాడు ఎగవేసినా, అంతకు ముందు మెట్ల వద్ద కట్టిన పన్ను ఖజానాలోనే ఉంటుంది. ఖజానాకు ఇది భద్రతే. అయితే ఆ భద్రతకు అయ్యే శ్రమ, పెట్టుబడి చిల్లర వర్తకుడివి. సరుకు అమ్ముడుపోయేదాకా అతని సొమ్ము పన్ను రూపంలో చిక్కుకుని ఉంటుంది.

బిల్లులో నంబరు లేకపోతే అంతే

జమ పొందడానికి మొదట కావలసింది సరైన పన్ను బిల్లు. అందులో అమ్మినవారి జీఎస్టీ నంబరుతో పాటు కొన్నవారి నంబరు కూడా ఉండాలి. హడావుడిలో ‘క్యాష్’ పేరిట రాయించుకున్న బిల్లులో పన్ను వేసి ఉన్నా ప్రయోజనం లేదు. టోకు వర్తకుడి రిటర్నులో అది సాధారణ వినియోగదారుకు అమ్మినట్లుగా నమోదవుతుంది. చిల్లర వర్తకుడి ఖాతాలో కనిపించదు. నంబరు తప్పుపడితే జమ తన ఖాతాకు రాదు. దీనికి వర్తకుడు వెచ్చించవలసింది బిల్లు చేతికి రాగానే పదిహేను అంకెలు, అక్షరాలు సరిచూసుకునే అర నిమిషమే.

బిల్లుతో పాటు సరుకు నిజంగా చేరి ఉండాలి, దుకాణదారు తన రిటర్ను దాఖలు చేయాలి. అరువు విషయంలోనూ ఒక గడువు ఉంది. బిల్లు తేదీ నుంచి 180 రోజుల్లో టోకు వర్తకుడికి సొమ్ము, పన్నుతో సహా చెల్లించకపోతే తీసుకున్న జమను వడ్డీతో తిరిగి కట్టాలి. బాకీ తీర్చిన తర్వాత ఆ జమ మళ్లీ తీసుకోవచ్చు గానీ, కట్టిన వడ్డీ రాదు. పంట చేతికొచ్చినప్పుడే రైతులు బాకీలు తీర్చే పల్లెల్లో, ఎరువులు, పురుగు మందుల దుకాణాలకు ఈ ఆరు నెలల గడువు ఇబ్బందికరమే.

టోకు వర్తకుడు చూపకపోతే...

ఇక అసలు చిక్కు. టోకు వర్తకుడు ఆ బిల్లును తన నెలవారీ అమ్మకాల రిటర్నులో చూపాలి. అలా చూపిన బిల్లులన్నీ ప్రతి నెలా 14న చిల్లర వర్తకుడి పేరిట తయారయ్యే జీఎస్టీఆర్-2బీ పట్టికలో చేరతాయి. అందులో ఉన్నదే జమ. బీరువాలో ఎన్ని బిల్లులున్నా పట్టికలో లేకపోతే ఆ నెలకు లేనట్లే. మొదట్లో ఇంత కచ్చితం ఉండేది కాదు. పట్టికలో లేని బిల్లులకు 2019 అక్టోబరు నుంచి 20 శాతం వరకు, 2020 జనవరి నుంచి 10 శాతం, 2021 జనవరి నుంచి 5 శాతం వెసులుబాటు ఉండేది. 2022 జనవరి 1 నుంచి అదీ పోయింది.

చిన్న టోకు వర్తకుల విషయంలో మరొక మెలిక ఉంది. ఏడాదికి 5 కోట్ల రూపాయల లోపు వ్యాపారం ఉన్నవారు మూడు నెలలకోసారి రిటర్ను వేయవచ్చు. అటువంటి వర్తకుడి వద్ద ఏప్రిల్‌లో కొన్న సరుకు బిల్లును ఆయన మే 13 లోగా విడిగా ఎక్కించకపోతే, జులైలో గానీ చిల్లర వర్తకుడి పట్టికలోకి రాదు. ఈలోగా సరుకు అమ్ముడైపోతే పన్ను పూర్తిగా నగదుగా కట్టుకోవలసిందే. తర్వాత జమ వస్తుంది గానీ, ఆ రెండు మూడు నెలల పెట్టుబడి భారం దుకాణానిదే. కొనే ముందు ‘రిటర్ను నెలకా, మూడు నెలలకా’ అని అడగడంలో మొహమాటం అక్కర లేదు.

బిల్లు పట్టికలో కనిపించినంత మాత్రాన నిశ్చింతగా ఉండటానికీ వీల్లేదు. అమ్మకం చూపి, పన్ను మాత్రం కట్టని వర్తకులూ ఉంటారు. ఆర్థిక సంవత్సరం ముగిశాక వచ్చే సెప్టెంబరు 30 నాటికీ టోకు వర్తకుడు ఆ కాలానికి చెల్లింపు రిటర్ను వేయకపోతే, చిల్లర వర్తకుడు తాను వాడుకున్న జమను నవంబరు 30 లోగా వెనక్కి కట్టాలి. టోకు వర్తకుడు తర్వాతెప్పుడైనా కడితే తిరిగి పొందవచ్చు. ఆయన దుకాణం ఎత్తేసి వెళ్లిపోతే ఆశలు వదులుకోవలసిందే.

పన్ను సహా సొమ్ము చెల్లించి, బిల్లు తీసుకుని, లెక్క చూపిన వ్యక్తే మరొకరి ఎగవేతకు రెండోసారి కట్టడం న్యాయమేనా అన్నది కోర్టుల దాకా వెళ్లింది. అమ్మినవారు పన్ను వసూలు చేసుకుని కట్టనప్పుడు అధికారులు ముందుగా వారిపై చర్య తీసుకోవాలని మద్రాసు హైకోర్టు 2021లో పేర్కొంది. కలకత్తా హైకోర్టు 2023లో అదే బాటలో తీర్పు చెప్పగా, అందులో జోక్యానికి సుప్రీంకోర్టు అదే ఏడాది డిసెంబరులో నిరాకరించింది. పట్నా హైకోర్టు మాత్రం 2023లోనే దీనికి భిన్నంగా, అమ్మినవారు కట్టని పన్నుకు కొన్నవారు జమ కోరలేరని తేల్చింది. ఢిల్లీ వ్యాట్ చట్టం కింద నిజాయితీగా కొన్న వర్తకులకు 2025 అక్టోబరులో సుప్రీంకోర్టులో ఊరట లభించింది. అది పాత చట్టం కింద వచ్చిన తీర్పు. జీఎస్టీ చట్టంలోని షరతు నేటికీ పుస్తకంలో అలాగే ఉంది. కాబట్టి కోర్టు తీర్పులపై భరోసాతో వ్యాపారం చేయడం నందిగామ దుకాణదారుకు సాధ్యమయ్యే పని కాదు. వేల రూపాయల జమ కోసం హైకోర్టు మెట్లెక్కితే వకీలు ఫీజే అంతకు మించుతుంది.

కొన్నట్లు రుజువు చేసుకునే బాధ్యత కూడా కొన్నవారిదే. కర్ణాటక వ్యాట్ చట్టం కింద ఒక కాఫీ వ్యాపార సంస్థ కేసులో 2023 మార్చిలో సుప్రీంకోర్టు ఈ విషయం స్పష్టం చేసింది. బిల్లు, చెక్కు చెల్లింపు చూపితే చాలదని, సరుకు తెచ్చిన వాహనం వివరాలు, కిరాయి చెల్లింపు, సరుకు అందినట్లు రాతపూర్వక ఆధారం వంటివి కూడా ఉండాలని పేర్కొంది. ఆటో కిరాయి రసీదును చిత్తు కాగితంగా పారేసే అలవాటు ఎందరో దుకాణదారులది. అది జమకు సాక్ష్యమని వారికి చెప్పేవారు లేరు.

టోకు వర్తకుడి రిటర్నులకు చిల్లర వర్తకుడు కాపలా కాయాలనడం బలవంతుడి బాధ్యతను బలహీనుడి భుజాన పెట్టడమే. అరువు ఇచ్చేది టోకు వర్తకుడు, ధర చెప్పేది ఆయనే. ‘మీ రిటర్ను ఏమైంది’ అని గట్టిగా అడిగే స్థితి చిన్న దుకాణదారుకు ఉండదు. అయినా కొందరు ఒక ఉపాయం పాటిస్తున్నారు. సరుకు విలువ వెంటనే చెల్లించి, పన్ను మొత్తాన్ని మాత్రం బిల్లు తమ పట్టికలో కనిపించాకే ఇస్తున్నారు. మాటకు కట్టుబడే టోకు వర్తకులు దీనికి అభ్యంతరం చెప్పరు. అభ్యంతరం చెప్పేవారి విషయంలో జాగ్రత్త పడటం మంచిది. టోకు వర్తకుడి నంబరు చెల్లుబాటులో ఉన్నదీ లేనిదీ, రిటర్నులు వేస్తున్నదీ లేనిదీ జీఎస్టీ పోర్టల్‌లో ఎవరైనా రుసుం లేకుండా చూసుకోవచ్చు.

గడువు దాటితే జమ పూర్తిగా మురిగిపోతుంది. ఒక ఆర్థిక సంవత్సరపు బిల్లులపై జమను తర్వాతి నవంబరు 30 లోగా, లేదా వార్షిక రిటర్ను వేసే లోగా, ఏది ముందైతే ఆలోగా తీసుకోవాలి. ఆలస్య రుసుం కట్టి రిటర్ను వేసినంత మాత్రాన ఈ గడువు పెరగదని, జమ అన్నది షరతులతో ఇచ్చే రాయితీ మాత్రమేనని ఒక ప్లైవుడ్ వర్తకుడి కేసులో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు 2023 జులైలో తీర్పు చెప్పింది. 2017-18 నుంచి 2020-21 వరకు గల సంవత్సరాలకు 2024లో చేసిన సవరణతో గడువును 2021 నవంబరు 30 వరకు పొడిగించినట్లు పరిగణించారు. ఆ తర్వాతి సంవత్సరాలకు అటువంటి వెసులుబాటు లేదు.

బియ్యం బస్తా 26 కిలోలు ఎందుకైంది?

పన్ను లేని సరుకుల విషయంలో మరో రకమైన పొరపాటు జరుగుతోంది. విడిగా తూచి అమ్మే బియ్యం, పప్పులపై పన్ను లేదు. 2022 జులై 18 నుంచి 25 కిలోల వరకు ముందే ప్యాక్ చేసి, లేబులు వేసిన వాటిపై 5 శాతం పన్ను పడింది. 25 కిలోలు దాటితే లేదు. బియ్యం బస్తా 26 కిలోలకు ఎదగడం వెనుక ఉన్న రహస్యం ఇదే!

చిల్లర దుకాణదారు లేబులున్న 25 కిలోల బస్తాను 5 శాతం పన్నుతో కొని, విప్పి కిలోల లెక్కన తూచి అమ్మితే ఆ అమ్మకంపై పన్ను లేదు. వినడానికి బాగానే ఉంది గానీ, పన్ను లేని అమ్మకానికి కొనుగోలు పన్ను జమ కూడా ఉండదు. బస్తాపై కట్టిన 5 శాతం అసలు ధరలోనే కలిసిపోతుంది. అదే బియ్యం 26 కిలోల బస్తాగా కొన్న పక్క దుకాణదారుకు ఆ ఖర్చే ఉండదు. ఒకే బజారులో కిలో దగ్గర రెండు మూడు రూపాయల తేడాకు కొన్నిసార్లు ఇదీ కారణమే.

పాడైపోయిన సరుకు సంగతీ అంతే. పోయిన, దొంగతనానికి గురైన, నాశనమైన సరుకుపై జమ చెల్లదు. తీసుకుని ఉంటే తిరిగి కట్టాలి. 2024 సెప్టెంబరులో బుడమేరు వరద విజయవాడ సింగ్‌నగర్ పరిసరాలను ముంచెత్తినప్పుడు దుకాణాల్లో సరుకు నీటిపాలైన వర్తకులకు చట్ట ప్రకారం ఎదురైన పరిస్థితి ఇదే. సరుకు పోయింది, దానిపై కట్టిన పన్ను జమా పోయింది. సరుకుకు బీమా చేయించేవారు పన్ను మొత్తాన్ని కూడా విలువలో చేర్చి చేయించుకోవడం అందుకే అవసరం.

కచ్చా బిల్లుతో కలిసొచ్చేదెంత?

బిల్లు లేకుండా కొంటే పన్ను మిగులుతుందన్న లెక్కలో ఒక లొసుగు ఉంది. పైన చెప్పిన సబ్బు పొడినే తీసుకుంటే, కచ్చా చీటీపై లక్షకే సరుకు దొరికిందనుకున్నా, దానిని బిల్లుపై అమ్మితే రూ.19,800 పన్ను పూర్తిగా కట్టాలి. జమ ఏమీ ఉండదు. కనుక అమ్మకమూ దాచవలసి వస్తుంది. ఒకసారి దాచడం మొదలుపెడితే బ్యాంకు ఖాతాలో పడే ఫోన్‌పే, గూగుల్ పే సొమ్ముకు, రిటర్నులో చూపిన అమ్మకాలకు పొంతన కుదరదు. దారిలో పత్రాలు లేకుండా సరుకు పట్టుబడితే, యజమాని ముందుకొచ్చి విడిపించుకోవడానికి పన్నుకు రెట్టింపు మొత్తం అపరాధ రుసుంగా కట్టాలి. లక్ష రూపాయల సబ్బు పొడిపై అది రూ.36 వేలు. సరుకు విలువ రూ.50 వేలు దాటితే బిల్లుతో పాటు ఈ-వే బిల్లు కూడా వాహనంలో ఉండాలన్నది తెలిసిందే.

కోదాడ వర్తకుడికి వేరే లెక్క

విజయవాడ టోకు మార్కెట్‌కు హైదరాబాద్ రహదారి మీదుగా కోదాడ నుంచి వచ్చే వర్తకుల లెక్క 2014 జూన్ 2 తర్వాత మారిపోయింది. రాష్ట్రం విడిపోయాక మూడేళ్ల పాటు వారి కొనుగోలుపై కేంద్ర అమ్మకపు పన్ను పడేది. దానికి జమ ఉండేది కాదు. జీఎస్టీ వచ్చాక ఆ నష్టం తొలగింది. సరిహద్దు దాటి వెళ్లే సరుకుపై సమీకృత పన్ను, అంటే ఐజీఎస్టీ వేస్తారు. దానిని తెలంగాణలో కట్టవలసిన పన్నులో పూర్తిగా మినహాయించుకోవచ్చు. అయితే టోకు దుకాణంలో గుమాస్తా అలవాటు కొద్దీ స్థానిక కొనుగోలుదారుకు వేసినట్లు కేంద్ర, రాష్ట్ర పన్నులుగా విడదీసి బిల్లు రాస్తే, ఆ మొత్తం కోదాడ వర్తకుడి పట్టికలో ‘అర్హత లేని జమ’ కింద కనిపిస్తుంది. పన్ను అంతే, బిల్లు నిజమే, సొమ్మూ కట్టారు. జమ మాత్రం రాదు.

నమోదు విషయంలోనూ ఈ రెండు ఊళ్ల మధ్య తేడా ఉంది. సరుకులు మాత్రమే అమ్మే దుకాణానికి ఆంధ్రప్రదేశ్‌లో ఏడాది వ్యాపారం రూ.40 లక్షలు దాటితేనే జీఎస్టీ నమోదు తప్పనిసరి. తెలంగాణలో ఆ పరిమితి రూ.20 లక్షలే. జగ్గయ్యపేటలో నమోదు అక్కర లేని దుకాణానికి, కొద్ది కిలోమీటర్ల దూరంలోని కోదాడలో అది తప్పదు. చాలామంది గమనించని విషయం మరొకటి ఉంది. సిగరెట్లు, బీడీలు, పాన్‌మసాలా, ఐస్‌క్రీం అమ్మేవారికి రూ.40 లక్షల వెసులుబాటు ఆంధ్రప్రదేశ్‌లోనూ లేదు. వారికి రూ.20 లక్షలే పరిమితి. బీడీ కట్టలు లేని కిల్లీ బడ్డీ గానీ, పల్లె కిరాణా గానీ ఎక్కడుందన్నది ఎవరికి వారు ఆలోచించుకోవలసిందే. నమోదు లేని దుకాణదారుకు టోకు బిల్లుపై పన్ను ఎలాగూ ఖర్చే. జమ అన్న ప్రశ్నే రాదు.

కాంపోజిషన్‌లో ఉండాలా, వద్దా?

ఏడాదికి కోటిన్నర రూపాయల లోపు వ్యాపారం ఉన్నవారు కాంపోజిషన్ పథకంలో చేరవచ్చు. వర్తకులు పన్ను పడే సరుకుల అమ్మకాలపై ఒక శాతం కడితే చాలు. మూడు నెలలకోసారి చెల్లింపు, ఏడాదికొక రిటర్ను. బదులుగా కొనుగోలుదారుల నుంచి పన్ను వసూలు చేయరాదు, కొనుగోలు పన్నుపై జమ కోరరాదు, వేరే రాష్ట్రానికి అమ్మరాదు. అమ్మకపు బిల్లుపైనా, దుకాణం బోర్డుపైనా తాను కాంపోజిషన్ వర్తకుడినని రాయాలి. టోకు వర్తకుడే ఈ పథకంలో ఉంటే ఆయన పన్ను బిల్లు ఇవ్వలేడు. కనుక ఆయన దగ్గర కొన్నవారికి జమ రాదు. ఆయన బోర్డు చదవకుండా కొనడం తగదు.

లెక్కలు తక్కువ గనుక కాంపోజిషన్ ఎప్పుడూ లాభమేనన్న నమ్మకం జిల్లాలో బలంగా ఉంది. 18 శాతం సరుకు విషయంలో అది చాలావరకు నిజమే. పై ఉదాహరణలోని సబ్బు పొడిని రూ.1,18,000కు కొని అదే రూ.1,29,800కు అమ్మిన కాంపోజిషన్ వర్తకుడు రూ.1,298 పన్ను కడితే మిగిలేది రూ.10,502. మామూలు పద్ధతిలో మిగిలిన పది వేల కంటే కాస్త ఎక్కువే.

5 శాతం సరుకు దగ్గర ఇదే లెక్క తిరగబడుతుంది. లక్ష సరుకును పన్నుతో రూ.1,05,000కు కొని, అదే పది శాతం లాభంతో రూ.1,15,500కు అమ్మితే మామూలు పద్ధతిలో పది వేలు మిగులుతుంది. కాంపోజిషన్‌లో రూ.1,155 పన్ను పోను మిగిలేది రూ.9,345. తేడా రూ.655 మాత్రమే అనిపించవచ్చు. కానీ లాభం పది శాతం కంటే తక్కువగా ఉండే నూనె, పంచదార వంటి సరుకులకు దెబ్బ ఇంకా గట్టిగా తగులుతుంది.

ఈ తేడాకు 2025 సెప్టెంబరు 22 తర్వాత ప్రాధాన్యం పెరిగింది. ఆ రోజు నుంచి స్నానపు సబ్బులు, షాంపూలు, టూత్‌పేస్టు, తలనూనె, బిస్కెట్లు, చాక్లెట్లు 18 శాతం నుంచి 5 శాతానికి, నెయ్యి, వెన్న, కారప్పూస వంటి తినుబండారాలు 12 నుంచి 5 శాతానికి దిగాయి. సబ్బు పొడి 18 శాతంలోనే ఉండిపోయింది. అంటే కిరాణా దుకాణంలో సగానికి పైగా అరలు నేడు కాంపోజిషన్ గిట్టని 5 శాతం వైపు జరిగాయి. పాత లెక్కతో ఆ పథకంలో కొనసాగుతున్నవారు బిల్లులు ముందేసుకుని మళ్లీ లెక్క వేసుకోవడం అవసరం.

రేట్లు తగ్గిన రోజున దుకాణంలో ఉన్న పాత సరుకు కూడా ఈ రెండు పద్ధతుల తేడాను బయటపెట్టింది. 18 శాతం పన్నుతో కొన్న సబ్బులను 5 శాతానికి అమ్మిన మామూలు వర్తకుడికి కొనుగోలు జమ ఖాతాలో మిగిలింది. రేటు తగ్గిన కారణంగా దానిని నగదుగా వాపసు ఇవ్వరు గానీ, తర్వాతి అమ్మకాల పన్నుకు వాడుకోవచ్చు. కాంపోజిషన్ వర్తకుడికి, నమోదు లేని వర్తకుడికి అటువంటి ఖాతాయే లేదు. కంపెనీ గానీ పంపిణీదారు గానీ ధర తేడా భరించని చోట ఆ 13 శాతం వారి పెట్టుబడిలోంచే పోయింది.

పథకం మారదలచిన వారు గుర్తుంచుకోవలసిన గడువులు రెండు. కాంపోజిషన్‌లోకి వెళ్లాలంటే ఆర్థిక సంవత్సరం మొదలయ్యేలోగా, అంటే మార్చి 31లోగా పోర్టల్‌లో తెలపాలి. అప్పటికి నిల్వ ఉన్న సరుకుపై తీసుకున్న జమను తిరిగి కట్టాలి. కాంపోజిషన్ నుంచి మామూలు పద్ధతిలోకి వచ్చేవారు మారిన రోజు నుంచి 30 రోజుల్లోగా ఐటీసీ-01 ఫారం వేస్తే, అంతకు ముందు రోజు వరకు నిల్వ ఉన్న సరుకుపై టోకు వర్తకుడికి కట్టిన పన్ను జమ పొందవచ్చు. ఆ బిల్లులు ఏడాది కంటే పాతవి కాకూడదు, వాటిపై తమ జీఎస్టీ నంబరు ఉండి తీరాలి.